కన్యాకుమారి బట్టీలో పాత ఇసుక

కోటబొమ్మాళి స్టేషన్ రోడ్డులో నిలబడి మురీలు ఎక్కడ దొరుకుతాయని అడగండి. పాన్‌షాపు వాడైనా, అప్పుడే రైలు దిగిన కూలీ అయినా చూపించేది ఒక్క వైపే, కన్యాకుమారి బట్టీ వైపు. మరమరాలని బయటి ఊళ్ళవాళ్ళు అంటారు, అననీండి. ఈ వైపు అవి మురీలే.

పని చూస్తే చిన్నదిలాగే ఉంటుంది. ఉప్పునీళ్ళు పట్టించి ఆరబెట్టిన బియ్యాన్ని ముందు ఒక మంగలంలో వెచ్చచేస్తారు. మంగలమంటే మాడి నల్లబడిన వెడల్పాటి మట్టిమూకుడు. పక్క పొయ్యి మీద ఇంకో మంగలం, అందులో పొగలు కక్కే ఇసుక. దోసెడు బియ్యం ఆ ఇసుకలో పోసి, వెదురుపుల్లల కట్టతో నాలుగు తిప్పులు తిప్పేసరికి చిటపటమని తెల్లగా పొంగి పైకొస్తాయి. జల్లెడలోకి వంపితే ఇసుక కిందికి పోతుంది, మురీలు పైన నిలుస్తాయి. ఓస్, ఇంతేనా అనేవాళ్ళు ఎవరైనా ఉంటే ఆ పొయ్యి ముందు పది నిమిషాలు కూర్చోమనండి. కనుబొమ్మలు మిగిలితే అప్పుడు మాట్లాడదాం.

కన్యాకుమారికి ఇప్పుడు నలభై ఎనిమిదేళ్ళు. పుట్టింది భావనపాడు తీరాన. తండ్రిది తెప్ప, తల్లిది ఎండుచేపల గంప. పద్దెనిమిదో ఏట ఈ ఇంటికి కోడలై వచ్చింది. ఆ సంబంధం కుదిరింది కూడా ఇసుక వల్లే. ఆమె అత్తగారు గురమ్మ ఏటా ఎండాకాలం చివర ఇసుక కోసం తీరానికి వచ్చేది. వాళ్ళదీ ఒకప్పుడు తీరమే, రెండు తరాల కిందట ఊళ్ళోకి వచ్చేసి బట్టీ పెట్టుకున్నారు. ఓ ఏడు గురమ్మ ఎండుచేపలు బేరమాడితే గంప ముందు కూర్చున్న పిల్ల ఎంతకీ దిగలేదు. "ఇసక ఊరికే ఎత్తుకుపోతన్నావు, సేపలూ ఊరికే కావాలేటి?" అందట. గురమ్మకి ఒళ్ళు మండింది, ఆ వెంటనే ముచ్చటేసింది. ఈ పిల్ల పొయ్యి ముందు నిలబడగలదనుకుని కొడుకు ఎర్రన్నకి అడిగింది.

ఎర్రన్న నోట్లో నాలుక లేని మనిషి. స్టేషన్ నుంచి టెక్కలి దాకా ఆటో తోలుతాడు. ఇంట్లో అత్తాకోడళ్ళకి మాటామాటా పెరిగితే గుడ్డ తీసుకుని ఆటో తుడవడానికి బయటికి వెళ్ళిపోతాడు. ఊళ్ళో అంత శుభ్రమైన ఆటో ఇంకొకటి లేదు.

ఇక ఆ ఇసుక సంగతి. ఏటి ఇసుకలాగా తెల్లగా ఉండదు. నల్లగా, మధ్యమధ్య ఎర్రటి, పసుపు నలుసులతో ఉంటుంది. చిన్న కుండెడు ఎత్తాలంటే రెండు చేతులూ కావాలి. తీరంలో అలలు వెనక్కి లాగినప్పుడు నల్లటి చారలుగా మిగిలిపోయే ఇసుకే అది. అయితే తెచ్చినది తెచ్చినట్టు వాడరు. అంచు తక్కువగా ఉన్న చెక్క పళ్ళెంలో వేసి, నీళ్ళు పోసి, మణికట్టు తిప్పుతూ కడుగుతారు. తేలికది నీళ్ళతో పాటు అంచు దాటి పోతుంది. బరువుది అడుగున ఉంటుంది. ఆ బరువుదాన్ని పాత కుండలో ఉన్న పాత ఇసుకలో కలుపుతారు. మరుసటేడు మళ్ళీ ఇదే వరస. బరువు ఇసుక వేడిని పట్టి ఉంచుతుందని, గింజకి అంటదని గురమ్మ చెప్పేది. ఆ మాటలో అబద్ధమేమీ లేదు.

కొత్త కోడలు మొదటిసారి పళ్ళెం పట్టుకున్న రోజు జరిగిన సంగతి ఇంట్లో ఇప్పటికీ కథగా చెప్పుకుంటారు. ఎవరూ చెప్పకపోతే ఏం తెలుస్తుంది? తెల్లటి ఇసుక శుభ్రంగా ఉంది కదా అని దాన్ని ఉంచేసి, అడుగున మిగిలిన నల్లటిది పారబోయబోయింది. గురమ్మ వెదురుపుల్లతో మణికట్టు మీద చురుక్కుమని ఒకటి తగిలించింది. "ఒసే, బరువుది ఉంచాల, తేలికది పంపాల! అది మా అత్త ఇచ్చిన ఇసక!" అని అరిచింది. కన్యాకుమారికి కళ్ళలో నీళ్ళు తిరిగాయి. ఏడవలేదు సరికదా, ఆ సాయంత్రానికల్లా గురమ్మ కంటే శుభ్రంగా కడిగి చూపించింది. ఆ దెబ్బ మాత్రం మరిచిపోలేదు.

పాత ఇసుక కుండ ఎప్పుడూ గురమ్మ మంచం కింద, తలవైపు ఉంటుంది. ఇంటికది బంగారం కింద లెక్క. చలికాలంలో అందులోంచి రెండు గుప్పెళ్ళు తీసి వెచ్చచేసి, గుడ్డలో మూటకట్టి మోకాళ్ళకి కాపడం పెట్టుకునేది. కోడలు బాలింతగా ఉన్నప్పుడు నడుముకి పెట్టింది. పసిపిల్ల దీపికకి కడుపునొప్పి వచ్చిన రాత్రుళ్ళు పొట్టకి పెట్టింది.

ఆ దీపికే ఇప్పుడు విజయనగరంలో డిగ్రీ రెండో ఏడు చదువుతోంది. పాఠంలో భాగంగా ఎవరి ఊరి మట్టి వాళ్ళు తెమ్మని వాళ్ళ మేడమ్ రాధిక చెప్పింది. ఒకరు పొలం మట్టి తెచ్చారు, ఒకరు చెరువు బంక తెచ్చారు. దీపిక గొప్పగా ఉంటుందని నానమ్మ కుండలోంచి చిన్న డబ్బాడు పాత ఇసుక తీసుకెళ్ళింది. మిగతావాటి దగ్గర ఆగి ఆగి టిక్కుమన్న రేడియేషన్ కొలిచే యంత్రం ఈ డబ్బా దగ్గరికి రాగానే తెరిపి లేకుండా కొట్టుకోవడం మొదలుపెట్టింది. క్లాసులో పిల్లలు చప్పట్లు కొట్టారట. రాధిక మాత్రం నవ్వలేదు. "ఇది మీ ఊరి బీచ్‌లో దొరికే ఇసుక కాదు. ఇంత చిక్కగా ఎవరో పోగుచేశారు. ఎవరు?" అని అడిగింది.

శ్రావణ మాసం మొదటి ఆదివారం, కొత్తమ్మతల్లి జాతర ఇంకో ఇరవై రోజులుందనగా, దీపిక ఆ రాధికని వెంటబెట్టుకుని ఇంటికి వచ్చింది.

బట్టీ మంచి ఊపు మీద ఉంది. జాతరంటే ఊరికి మురీల పండగ కూడాను. కిరాణా వ్యాపారి చంద్రమౌళి నలభై బస్తాలు చెప్పాడు. రాధిక చెప్పులు విడిచి లోపలికి వచ్చి, కారియరు డబ్బా అంత యంత్రాన్ని ముందు గుమ్మం దగ్గర పెట్టింది. టిక్. కాసేపాగి ఇంకో టిక్. "ఇది మామూలు. భూమి మీద ఎక్కడైనా ఇంత ఉంటుంది," అంది. మంగలం దగ్గర పెట్టింది. టిక్కులు దగ్గరపడ్డాయి. అప్పుడు దీపిక నానమ్మ మంచం కింద చూపించింది. అక్కడ పెట్టేసరికి ఇక లెక్కపెట్టడానికి లేదు, గొలుసుకట్టుగా మోగింది. మంచం మీద కూర్చున్న గురమ్మ, "ఏటే ఆ మోత? నా కుండని ఏటి సేస్తన్నారు?" అని కాళ్ళు పైకి తీసుకుంది.

రాధిక ఇసుకని కాగితం మీద పరిచి భూతద్దం ఇచ్చింది. నల్లనివి ఇనుము కలిసిన నలుసులు, ఎర్రనివి గార్నెట్లనే రాతి నలుసులు, వాటి మధ్య గుండ్రంగా అరిగిన తేనెరంగు గింజలు. "ఈ తేనెరంగువే మోనజైట్ అండీ, కన్యాకుమారి గారూ. ఒక రకం ఫాస్ఫేటు. నీటికి కరగదు, మీ పొయ్యి వేడికి కరగదు. మామూలు అయస్కాంతానికి అంటుకోదు. మామూలు ఇసుకకి రెట్టింపు బరువు. దీనిలో థోరియం ఉంటుంది. దాని నుంచి కంటికి కనపడని రేడియేషన్ వస్తూ ఉంటుంది, ఈ టిక్కులు దానివే. తూర్పు కొండల రాళ్ళలో అక్కడొకటి ఇక్కడొకటి ఉంటాయి. రాయి అరిగితే ఏరు మోసుకొచ్చి సముద్రంలో కలుపుతుంది, అల ఒడ్డున వేస్తుంది. విడివిడిగా, ఒక్కొక్కటిగా ఉంటుందనే దానికి ఆ పేరు పెట్టారు. గ్రీకులో ఒంటరిదని అర్థం."

కన్యాకుమారి ఆ గింజని చాలాసేపు చూసింది. "ఒంటరిదేటి మేడమ్? అరవై ఏళ్ళ బట్టి మేమే దాన్ని గుంపు సేసేం," అంది.

ఆ మాట అన్నాక గానీ అన్నదేమిటో ఆమెకే తట్టలేదు. ఏడాదికి ఒకసారి, వచ్చిన ఇసుకలో తేలికదంతా పారబోసి, ఆ గింజలు ఒక్కటీ పోకుండా కాపాడింది ఈ ఇంటి చేతులే. ఎంత బాగా కడిగితే అంత ఎక్కువ పోగేశారు. అందరికంటే బాగా కడిగేది తనే.

"తిన్నోలకి ఏటైనా అవుద్దా?" అని అడిగింది. ఇంకేదీ ముందు అడగలేదు.

"మీ మురీలు కూడా కొలిచాను, దీపిక తెచ్చింది. వాటిలో తేడా ఏమీ కనపడలేదు. గింజ బియ్యంలోకి దిగదు, జల్లెడ దాటి ఒకటీ అరా వస్తే వచ్చి ఉంటుంది. ప్రమాదం తిన్నవాళ్ళకి కాదమ్మా, రోజంతా ఆ దుమ్ము పీల్చే మీకు. రోజూ దాని పక్కనే పడుకునే పెద్దావిడకి."

కన్యాకుమారి లేచి, చెంబుడు నీళ్ళు తెచ్చి పొయ్యిలో పోసింది. బుస్సుమని పొగ లేచి ఇల్లంతా నిండింది. జాతర బస్తాల్లో పదకొండే నిండాయి.

గురమ్మ ఒంటికాలి మీద లేచింది. "పొయ్యి ఆర్పేసేవేటే! ఎవలో సదువుకున్న పిల్ల ఏదో డబ్బా మోగిస్తే, మా అత్త ఇసక ఇసం అయిపోద్దేటి? నాను డెబ్బై ఐదేళ్ళు బతకనేదా? నీ మొగుడు బతకనేదా? నాను సచ్చినాక పారబొయ్యి, అందాకా నా కుండ ముట్టుకున్నావంటే ఊరుకోను!"

"కుండ ముట్టుకోనత్తా. కానీ అది పొయ్యెక్కదు. ఇయాల్టి నుంచి ఎక్కదు," అంది కన్యాకుమారి. గొంతు పెంచలేదు. ఎర్రన్న గుడ్డ తీసుకుని బయటికెళ్ళాడు.

మరునాడు కన్యాకుమారి చంద్రమౌళి దుకాణానికి వెళ్ళి ఉన్న విషయం ఉన్నట్టు చెప్పేసింది. దాచమని దీపిక కూడా చెప్పలేదు గానీ, అంత పచ్చిగా చెబుతుందని కూడా అనుకోలేదు. చంద్రమౌళి నాలుగు వైపులా చూసి, గొంతు తగ్గించి, "సూడు కుమారీ, ఇన్నాళ్ళూ తిన్నోళ్ళం అందరం బానే ఉన్నాం కదా. మురీల్లో ఏటీ లేదని మేడమే అన్నాదంటన్నావు. జాతర దాటనీ, ఆ తర్వాత తాపీగా మార్చుకో. ఎవలికీ సెప్పకు," అన్నాడు.

"మీరు తినే మురీలు బాగున్నాయి సావుకారూ. ఆ పొయ్యి ముందు కూకునేది నాను. పక్కన పడుకునేది మా అత్త. మీకోసం ఇంకో ఇరవై రోజులు ఆవిడ తల దగ్గర దాన్ని ఉంచమంటారేటి?"

చంద్రమౌళి తక్కెడ పక్కకి జరిపాడు. మంచివాడే, కానీ వ్యాపారి. "సరే. ఏ ఇసకతో సేస్తావో నీ ఇష్టం. పది రోజుల్లో ఒక బస్తా సూపించు. నోట్లో ఏస్తే కరగాల, ఇదివరకటిలాగా. నేకపోతే మిల్లు మురీలు దింపించుకుంటాను, నన్ననుకోకు. ఒకసారి మిల్లు సరుకు అలవాటైతే మళ్ళీ నీ కాడికి రారు జనం," అన్నాడు.

అంటే పది రోజుల్లో తేలాలి, ఈ బట్టీ ఉంటుందా ఉండదా. కన్యాకుమారికి వేరే పని రాదు. రాకపోవడం కాదు, వేరేది అక్కర్లేదు. ముప్పై ఏళ్ళు ఆ పొయ్యి ముందు కూర్చుని ఊరిచేత మంచి అనిపించుకున్న మనిషి, ఇసుక మారితే చేతకానిదాన్నైపోతానా అని ఆమెకి పౌరుషం పొడుచుకొచ్చింది.

ఎర్రన్న వంశధార నుంచి ఆటోలో రెండు సంచులు ఏటి ఇసుక తెచ్చాడు. రాధిక ఫోనులో చెప్పింది: ఏరు కూడా కొండల నుంచే వస్తుంది, అందులోనూ ఆ గింజలు కొద్దిగా ఉంటాయి. అందుకని ఈసారి కడిగేది తిరగేసి కడగాలి. తేలికది ఉంచుకోవాలి, అడుగున నిలిచే బరువుది పారబోయాలి.

చెప్పినంత సులువా? ముప్పై ఏళ్ళు ఒక వైపు తిరిగిన మణికట్టు అది. పళ్ళెం చేతిలోకి రాగానే చెయ్యి దానంతటదే వాలుతోంది, తెల్లటి ఇసుక అంచు దాటి మట్టిలో కలిసిపోతోంది. రెండుసార్లు అలాగే పోయింది. మూడోసారి తన చేతిని తనే తిట్టుకుంది. "ఓసి నీ పాడుగాను, మాటినవేటే!" చివరికి కింద ఇంకో పళ్ళెం పెట్టి, అంచు దాటినదాన్ని అందులో పట్టుకుని, పై పళ్ళెంలో మిగిలిన నల్లటి చారికని వేరే పాత డబ్బాలోకి దులిపింది. అలా ఏడుసార్లు. ఎనిమిదోసారి నల్లచారిక కనపడలేదు. దీపిక ఆ ఇసుక పొట్లాం విజయనగరం తీసుకెళ్ళి ఆ రాత్రే ఫోను చేసింది. "అమ్మా, గుమ్మం దగ్గర మోగినంతే మోగింది!"

ఇసుక గెలిచింది. మురీలు ఓడాయి. మొదటి మంగలంలో బియ్యం సగం పొంగి సగం రాళ్ళలా ఉండిపోయింది. రెండోది మాడింది. మంట పెంచితే పైన ఎర్రబడుతోంది, తగ్గిస్తే పొంగడం లేదు. ఉప్పు తగ్గించింది, నాన తగ్గించింది, బియ్యం మార్చింది. ఐదో రోజుకి పెరట్లో కోళ్ళు కూడా ఆ మురీలు తినడం మానేశాయి. మంచం మీద నుంచి గురమ్మ, "సూడు, సూడు. నా ఇసక నేకపోతే నీ సేతికి ఏటొచ్చునో ఊరంతా సూస్తాది," అని దెప్పుతూనే ఉంది. కన్యాకుమారి పళ్ళు కొరికి ఊరుకుంది. ఆరో రోజు కూడా పొయ్యి వెలిగించింది. ఏడో రోజు కూడా.

ఎనిమిదో రోజు దీపికతో రాధిక మళ్ళీ వచ్చింది. కన్యాకుమారి పెరట్లో కట్టెలు తీసుకుంటోంది. లోపల అత్త గొంతు వినపడి గుమ్మం దగ్గర ఆగిపోయింది. ఆ గొంతులో ఎప్పుడూ ఉండే కారం లేదు.

"మేడమ్మా, ఓ మాట. ఈ గుంట, మా దీపిక, సంటిపిల్లప్పుడు నాను దాని పొట్టకి ఈ ఇసకే కాపడం పెట్టేను. ఒకనాడు కాదు, పది పదిహేను రాత్రులు. దానికి ఏటైనా అవుద్దా? నిజం సెప్పు, నా కాడ దాయకు."

గుమ్మం బయట కన్యాకుమారి చేతిలోంచి కట్టెలు జారాయి. ఎనిమిది రోజులుగా ముసలిది మొండితనం చేస్తోందనుకుంది. మొండితనం కాదు, భయం. ఆ ఇసుక చెడ్డదని ఒప్పుకుంటే తన చేత్తో మనవరాలికి చెడు చేశానని ఒప్పుకోవాలి. అందుకే ఒప్పుకోలేదు. ఇది నాకెందుకు తట్టలేదని కన్యాకుమారికి తన మీద తనకే కోపం వచ్చింది.

రాధిక గురమ్మ చెయ్యి పట్టుకుంది. "అప్పుడప్పుడు కాపడం పెట్టినందుకు భయపడాల్సింది లేదు, పెద్దమ్మగారూ. కాసేపు పెట్టి తీసేశారు. మీ మనవరాలు ఎలా ఉందో చూస్తున్నారుగా, కబడ్డీలో నన్నే పడేసింది. తల దగ్గర ఏళ్ళతరబడి పెట్టుకోవడమే ఇక వద్దంటున్నాను."

గురమ్మ కొంగుతో మొహం తుడుచుకుంది. ఆ తర్వాత కేకేసింది. "ఒసే కుమారీ! గుమ్మం కాడ దొంగలాగ నిలబడతావేటి, లోపలికి రా! నువ్వు పొయ్యి కాడ సేసేదంతా ఎనిమిది రోజుల్నుంచి ఇంటన్నాను. నీకు తేలిక ఇసకతో పని తెల్దు. నాకు తెలుసు."

"నీకెలగ తెలుసత్తా? మన నల్లిసక మీ అత్త నాటి నుంచి ఉన్నదే కాదేటి?"

గురమ్మ మంచం కిందికి వంగి కుండని తడిమింది. "మా అత్త ఏటి ఇసకే వాడీది," అంది. "నల్లిసక తెచ్చింది నాను. పెళ్ళైన ఏడు సేపలకి తీరానికెల్లి, ఆ నల్లచార మీద కాలేస్తే సుర్రుమన్నాది. ఏడి బాగా పడతాదని తెచ్చేను. కొత్త కోడలు తెచ్చిందంటే ఇంట్లో ఎవలూ వాడనీరు. అందికని మా అత్త పోయినాక, ఆవిడే ఇచ్చిందని సెప్పేను. నాదే, మొత్తం నాదే. నా బతుకంతా సేసింది అదే ఒక్క గొప్ప పని అనుకున్నాను."

కన్యాకుమారి లోపలికి వచ్చింది. మంచం పక్కన నేల మీద కూర్చుంది. "గొప్ప పనేనత్తా," అంది. "ఏ సదువూ నేకుండా, వట్టి సేత్తో అంత సన్న గింజని అంత శుబ్బరంగా పోగేసేవు. మేడమే ఆశ్చర్యపోనాది. పోగేసింది ఏటో నీకు తెల్దు, అంతే."

"సాల్లే, పొగిడింది. లెగు, మంగలం ఎక్కించు."

ఆ పూట గురమ్మ చాలా ఏళ్ళ తర్వాత పొయ్యి దగ్గరికి వచ్చి పీట వేసుకుంది. తేలిక ఇసుక వేడిని తొందరగా వదిలేస్తుంది కనక మంగలంలో రెట్టింపు ఇసుక పోయించింది. దోసెడు కాకుండా గుప్పెడు బియ్యమే వెయ్యమంది. కట్టెలతో కలిపి వేసే ఊక మాన్పించి ఉత్త సరుగుడు కట్టెలే పెట్టించింది. బియ్యాన్ని చెయ్యి పెడితే చురుక్కుమనేదాకా ముందే వెచ్చచేయించింది. "నాలుగు తిప్పులు కాదే, రెండే! తియ్యి, తియ్యి బేగి!" ఆ కేకకి కన్యాకుమారి జల్లెడలోకి వంపింది. తెల్లగా, లావుగా, ఒక్క గింజ మాడకుండా మురీలు నిలిచాయి. దీపిక ఈలేసింది. ఆడపిల్లవి ఈలేటని గురమ్మ తిట్టి, నాలుగు మురీలు నోట్లో వేసుకుని కళ్ళు మూసుకుంది. "మా అత్త మురీలు," అంది.

పదో రోజున చంద్రమౌళి బస్తా మూతి విప్పి ఒక గుప్పెడు తిన్నాడు. ఇంకో గుప్పెడు తిన్నాడు. మూడో గుప్పెడు తింటూ, "మిల్లు వాడికి ఒద్దని సెప్పేస్తాను," అన్నాడు. గుప్పెడు గుప్పెడు వేయించాలి కనక నలభై కుదరదని, పాత పదకొండు బస్తాలనీ మొన్న మేడమ్ వచ్చినప్పుడు కొలిచింది కాబట్టి వాటితో కలిపి ముప్పై ఇస్తానని కన్యాకుమారి తేల్చి చెప్పింది. అతను తల ఊపాడు.

ఇక మిగిలింది కుండ. దాన్ని ఎక్కడపడితే అక్కడ పారబోయకూడదని, చెరువులో గానీ పొలంలో గానీ వెయ్యకూడదని, ఎక్కడి నుంచి వచ్చిందో అక్కడే పలచగా చల్లెయ్యాలని రాధిక తెలిసినవాళ్ళని అడిగి చెప్పింది. జాతరకి వారం ఉందనగా ఎర్రన్న ఆటోలో అత్తాకోడళ్ళిద్దరూ భావనపాడు వెళ్ళారు. ఏటి ఇసుక కడిగినప్పుడు దులిపిన డబ్బాని కూడా తీసుకెళ్ళారు. ముక్కుకి గుడ్డలు కట్టుకుని, తడి ఇసుక మీద నడుస్తూ, గురమ్మ గుప్పెడు గుప్పెడు తీసి చల్లింది. అక్కడి నల్లచారల మీద పడగానే ఏది తనదో ఏది సముద్రానిదో తెలియకుండా పోయింది. అల వచ్చి సర్దేసింది. కుండ అడుగుకి వచ్చేసరికి గురమ్మ కళ్ళ వెంట నీళ్ళు కారాయి, తుడుచుకోలేదు. కన్యాకుమారి కూడా ఏడ్చింది. పుట్టింటి తీరంలో అంత ఏడుపు ఆమె అప్పగింతల రోజు కూడా ఏడవలేదు.

మరునాటి నుంచి జాతర పని. ఇసుక ఇంకా కావాలి, కడిగేవాళ్ళు చాలరు. గురమ్మ పీట లాక్కుని, "ఇలగ తే, నా సేతులు పడిపోనేదు," అని పళ్ళెం తీసుకుంది. నీళ్ళు పోసింది. అరవై ఏళ్ళ అలవాటు, మణికట్టు చక్కగా పాత వైపే వాలింది. తెల్లటి ఇసుకంతా కింది పళ్ళెంలో కాకుండా అంచు దాటి మట్టిలో పడిపోయింది. అడుగున సన్నగా నల్లచారిక నిలిచింది.

గురమ్మ దాని వంక చూసింది. కోడలి వంక చూసింది. పళ్ళెం కింద పెట్టి, మణికట్టు చాపింది.

"ఏటలగ సూస్తావు? పుల్ల అక్కడున్నాది. కొట్టు."

"ఊరుకో అత్తా."

"కొట్టవే! నాను నిన్ను కొట్టనేదా? కొట్టకపోతే ఈ సెయ్యి ఇనదు."

కన్యాకుమారి వెదురుపుల్ల తీసి, ముడతలు పడిన ఆ మణికట్టు మీద తాకీ తాకనట్టు వేసింది. గురమ్మ కళ్ళెర్రజేసింది. "ఇలగేనా కొట్టీది? నాను నిన్ను ఇలగే కొట్టేనేటి?"

అప్పుడు కన్యాకుమారి చురుక్కుమనేలా ఒకటి కొట్టింది. "బరువుది పంపాల, తేలికది ఉంచాల!" అంది, ముప్పై ఏళ్ళ కిందటి అత్త గొంతుతోనే. అని, పుల్ల కింద పడేసి, ఆ చేతిని రెండు చేతుల్లోకి తీసుకుని కళ్ళకద్దుకుంది. గురమ్మ కాసేపు అలాగే ఉండనిచ్చింది.

"సాల్లే, వొదులు. పని అవ్వద్దేటి?" అని పళ్ళెంలో మళ్ళీ ఇసుక పోసుకుంది. ఈసారి చెయ్యి కింది పళ్ళెం వైపు తిరిగింది.